ముందు సగం

వెన్నపూస లాంటి తమ్ముడు పగవాడికి కూడా వద్దు. ఇంటిల్లిపాదీ వాణ్ని వెన్నపూస అనే పిలిచేవారు. మాట అంత మెత్తన. పెద్దాడి కొంప ముంచింది ఆ మెత్తదనమే.

పెద్దాడు ఇరవై ఆరేళ్లు సినిమాలకు సెట్లు వేసిన వడ్రంగి. ఏడో తరగతిలో బడి మానేసి ఉలి పట్టాడు. రాజమహళ్లు కట్టాడు, కోర్టులు కట్టాడు, పన్నెండు రోజులు నిలబడితే చాలనే ఇళ్లు వందల్లో కట్టాడు. కట్టినవన్నీ తన చేత్తోనే పడగొట్టాడు. చివరికి విసుగెత్తి, "నిలబడే ఇల్లు ఒక్కటైనా చూసి చస్తా" అని ఆ పనికి దండం పెట్టి, తాత కట్టిన ఇంటికి వచ్చేశాడు. తలుపు తీస్తే గబ్బిలాలు లేచాయి.

పద్నాలుగు నెలలు గొడ్డులా పనిచేశాడు. వసారా స్తంభాలకు పట్టిన చెదలు చెక్కేసి కొత్త చెక్క అతికించాడు. మేడమెట్లు ఒక్కొక్కటీ ఊడదీసి బిగించాడు. వీధి తలుపు నునుపు తేలేసరికి అరచేతులు కాయలు కాశాయి. వెనక రెండు గదులూ, వంటిల్లూ మాత్రం ముట్టుకోలేదు. అక్కడి దూలాలు పుచ్చి, వంగి, కర్రల పోటు మీద నిలబడ్డాయి.

"వాన కారేది వెనక, మీరు సింగారించేది ముందు. మనం పడుకునేది ఎక్కడండీ?" అంది భార్య.

"కనిపించేది కానివ్వవే, తర్వాత అది చూద్దాం."

చేతికి పట్టిన అలవాటు. సెట్లో కెమెరాకు కనిపించే వైపే ఇల్లు. వెనకంతా కర్రలూ మేకులే.

డబ్బు అక్కడికి అయిపోయింది. అప్పుడు దిగాడు వెన్నపూస.

"ఎంత పని చేశావన్నయ్యా! నీ చేతులు కడిగి నెత్తిన చల్లుకోవాలి. నాకేం వద్దు. అమ్మ వండిన ఆ వంటిల్లు నా పేరున ఉంటే చాలు. రేపు పిల్లలు కొట్టుకోకుండా కాగితం రాసుకుందాం."

దస్తావేజులు రాసే ముసలాయన కళ్లజోడు తుడుచుకుంటూ చెప్పాడు. "పెద్దవాడు గీత గీయాలి, చిన్నవాడు కోరుకోవాలి. అప్పుడు పేచీ ఉండదు." అన్నదమ్ములిద్దరూ సరేనన్నారు.

ఇల్లు నలభై అడుగుల వెడల్పు, యాభై ఆరు పొడవు. సగమంటే ఇరవై ఎనిమిది. పెద్దాడు వీధి గుమ్మం నుంచి టేపు పరిచాడు. వాడికి వంటిల్లేగా కావాలి? చెమటోడ్చింది తనేగా? ఇరవై ఎనిమిది దగ్గర ఆగాల్సిన సుద్దముక్కను, మేడమెట్లు ముందు భాగంలోకి వచ్చేలా, ముప్పై ఒకటి దాకా జరిపాడు.

"అదేంటండీ..." అనబోయింది భార్య.

"నువ్వూరుకో."

వెన్నపూస గీతను చూశాడు, అన్నను చూశాడు, నవ్వాడు. "టేపు చదవడం నాకూ వచ్చన్నయ్యా." ముసలాయన వైపు తిరిగాడు. "నాకు ముందు భాగం రాయండి."

"వంటిల్లు చాలన్నావు కదరా!"

"అన్నాను. నువ్వు సరిగ్గా సగం గీసుంటే వంటిల్లే తీసుకునేవాణ్ని."

అది నిజమో అబద్ధమో పెద్దాడికి ఈనాటికీ తెలీదు. గీసింది మీరే కదా అని ముసలాయన సంతకం చోటు చూపించాడు.

వీధి తలుపుకు ఇప్పుడు వెన్నపూస తాళం వేలాడుతోంది. మొగుడూ పెళ్లాలు పక్కసందులోంచి దూరి, పోటు కర్రల మధ్య చాప పరుచుకుంటారు. చేయి దాటిపోయింది పన్నెండు వందల నలభై చదరపు అడుగులు. అందులో నూట ఇరవై, వాడు అడక్కుండానే తను గీసిచ్చినవి.