అల్ మర్జాన్ ఓడిన ఏడాది

ఆ ఏడాది చక్రపాణి డైనింగ్ టేబుల్ మీద రెండు లాప్‌టాప్‌లు పెట్టుకుని పనిచేసేవాడు. ఒకదాంట్లో ఆఫీస్ మీటింగ్. రెండోదాంట్లో బహ్రెయిన్ ఫుట్‌బాల్ లీగ్. అక్కడ సాయంత్రం ఆట మొదలయ్యేసరికి ఇక్కడ చికాగో పక్కన నేపర్‌విల్‌లో పొద్దున కాఫీలు అయిపోయి, అందరూ మీటింగుల్లో కూర్చునే వేళయ్యేది. ఒక చెవిలో మేనేజర్ గొంతు, ఇంకో చెవిలో అరబిక్ కామెంటరీ.

అరబిక్ ముక్క రాదు అతనికి. కానీ "నీషాన్" అని వినపడితే చాలు, కళ్ళు ఆఫీస్ స్క్రీన్ వదిలేసి పక్కకి వెళ్ళిపోయేవి. నీషాన్ అంటే అతని కొడుకు నిశాంత్. ఇరవై ఏడేళ్ళవాడు. అల్ మర్జాన్ అనే చిన్న క్లబ్బులో డిఫెండర్. ఆ కామెంటేటర్‌కి పేరు చివర అక్షరం ఎప్పుడూ పలికేది కాదు.

నిశాంత్ ఇక్కడే పుట్టాడు. అందరి పిల్లల్లాగే ఆరేళ్ళప్పుడు పార్కులో సాకర్ క్లాసులో చేరాడు. తోటి తెలుగు పిల్లలు రెండు మూడేళ్ళకే రోబోటిక్స్‌కీ స్పెల్లింగ్ పోటీలకీ వెళ్ళిపోయారు. వీడు మాత్రం ఉండిపోయాడు. ఆట పెరిగేకొద్దీ దూరాలు పెరిగాయి. శనివారం వస్తే మిల్వాకీ, ఇండియానాపొలిస్, సెయింట్ లూయిస్. తల్లి గిరిజ హాస్పిటల్లో ఫార్మసిస్ట్, ఆమెకి వీకెండ్ షిఫ్టులు పడేవి. అందుకని డ్రైవింగంతా చక్రపాణిదే. తెనాలిలో పెరిగినవాడికి క్రికెట్ తప్ప ఇంకో ఆట తెలీదు. ఆఫ్‌సైడ్ అంటే ఏమిటో మైదానం పక్కన మడత కుర్చీల్లో కూర్చునే తల్లిదండ్రులను అడిగి నేర్చుకున్నాడు.

ఆట మీదే కాలేజీలో స్కాలర్‌షిప్ వచ్చింది. ఆ తర్వాత విస్కాన్సిన్‌లో ఒక చిన్న లీగ్ టీమ్‌లో మూడేళ్ళు ఆడాడు. ఆ టీమ్ మూతపడింది. ఇంక ఏదైనా ఉద్యోగం వెతుక్కోవాలేమో అనుకుంటున్న రోజుల్లో ఒక ఏజెంట్ ఫోన్ చేసి, బహ్రెయిన్‌లో ఒక క్లబ్బుకి డిఫెండర్ కావాలట, ఏడాది కాంట్రాక్ట్, వెళ్తావా అని అడిగాడు.

గిరిజకి ఆ మాటే మింగుడుపడలేదు. ఆమెది కరీంనగర్ దగ్గర పల్లె. ఆమె అన్న పద్దెనిమిదేళ్ళు గల్ఫ్‌లో వెల్డింగ్ పని చేశాడు. రెండేళ్ళకోసారి సెలవు మీద వచ్చి, పిల్లలు తనను గుర్తుపట్టే లోపలే మళ్ళీ వెళ్ళిపోయేవాడు. గల్ఫ్ అంటే ఆమెకి ఎయిర్‌పోర్టు బయట తాళ్ళతో కట్టిన పెట్టెలు, వదిన ముఖం.

"మా ఇంట్ల గల్ఫ్‌కు పోయినోళ్ళు వేరే దారి లేక పోయిండ్రు. వీనికేమైంది?" అంది.

ఇది వేరు, ప్రొఫెషనల్ లీగ్, పై డివిజన్, ఫ్లాట్ క్లబ్బువాళ్ళే ఇస్తారు అని చక్రపాణి వివరించి చెప్పాడు. చెబుతున్నంతసేపూ అతని గొంతులో ఉత్సాహం దాగలేదు. ఆమె ఇంకేం వాదించలేదు. ఆవకాయ డబ్బా చుట్టూ టేపు వేసి సూట్‌కేస్‌లో సర్దింది.

సెప్టెంబర్‌లో సీజన్ మొదలైంది. మొదటి మ్యాచ్‌లన్నీ నిశాంత్ బెంచ్ మీదే కూర్చున్నాడు. చక్రపాణి ఆ మ్యాచ్‌లు కూడా చూశాడు, కెమెరా ఎప్పుడైనా బెంచ్ వైపు తిరుగుతుందేమోనని. దీపావళి వెళ్ళాక టీమ్‌లో సీనియర్ డిఫెండర్‌కి మోకాలు దెబ్బతింది. ఆ చోటు వీడికి దొరికింది. వరసగా రెండు మ్యాచ్‌లు గెలిచారు. రెండోదాంట్లో గోల్ కాబోతుండగా గీత మీద నుంచి వీడు తన్నేసిన బంతిని టీవీ వాళ్ళు మళ్ళీ మళ్ళీ చూపించారు.

శశికాంత్ అని వాళ్ళ కుటుంబానికి పాత స్నేహితుడు, ఆ వీడియోని వాట్సాప్ గ్రూపులో పెట్టాడు. మన పిల్లల్లో ఒక్కడైనా ప్రొఫెషనల్ అయ్యాడని రాశాడు. థాంక్స్‌గివింగ్‌కి ఎవరింట్లోనో అందరూ కలిసినప్పుడు, అమెరికా నేషనల్ టీమ్‌కి ఎప్పుడు ఆడతాడు అని అడిగినవాళ్ళే అందరూ. చక్రపాణి నవ్వుతూ అందరికీ జవాబు చెప్పాడు. ఇంటికొచ్చి బూట్లు విప్పుకుంటూ, ఎందుకో బాగా అలిసిపోయానని గిరిజతో అన్నాడు.

డిసెంబర్ నుంచి ఓటములు మొదలయ్యాయి. అల్ మర్జాన్‌కి మంచి ఫార్వర్డ్ లేడు. అవతలివాళ్ళు ఆటంతా వీళ్ళ గోల్ ముందే ఆడేవాళ్ళు. డిఫెండర్లు గంటన్నర పాటు పరిగెత్తి పరిగెత్తి చివర్లో ఒక చోట దొరికిపోయేవాళ్ళు. జనవరిలో ఒక మ్యాచ్‌లో బంతిని బయటికి కొట్టబోయి నిశాంత్ తన గోల్‌లోనే వేసుకున్నాడు. లైవ్ కింద కామెంట్లు జలజలా రాలాయి. చక్రపాణి రెండింటిని ట్రాన్స్‌లేట్ చేసి చూసి, మూడోదాని జోలికి పోలేదు.

ఆదివారాలు వీడియో కాల్ ఉండేది. గిరిజ ఏం తిన్నావని అడిగేది. చక్రపాణి మ్యాచ్ గురించి అడిగేవాడు. ఆ మిడ్‌ఫీల్డర్ వెనక్కి ఎందుకు రావడం లేదు, కోచ్ నిన్ను ఎడమ వైపుకి ఎందుకు మార్చాడు? నిశాంత్ ఒక్కో ప్రశ్నకీ ఒక్కో ముక్కలో జవాబు చెప్పేవాడు. వెనకాల తెల్లటి గోడ తప్ప ఇంకేం కనపడేది కాదు. కాల్ అయ్యాక గిరిజ ఫోన్ వంకే చూస్తూ కూర్చునేది.

"వాని ముఖం చూస్తున్నరా మీరు? ఆట ముచ్చట బంద్ పెట్టుండ్రి" అంది ఒకరోజు.

మరింకేం అడగను అన్నాడు చక్రపాణి విసుగ్గా. అన్నాక కాసేపటికి తెలిసింది, అది విసుగు కాదని. నిజంగానే ఇంకేం అడగాలో తెలీదు అతనికి.

రంజాన్ నెలలో మ్యాచ్‌లు అక్కడ పొద్దుపోయాక పెట్టారు. ఇక్కడ అది మధ్యాహ్నం భోజనాలయ్యాక. ఆఫీస్‌కి వెళ్ళిన రోజుల్లో అతను పార్కింగ్‌లో కార్లో కూర్చుని ఫోన్‌లో చూసేవాడు. మంచు కరిగి అద్దాల మీద బురద చారలు కట్టి ఉండేవి. అల్ మర్జాన్ అట్టడుగున ఉంది. కిందినుంచి రెండు టీమ్‌లు సీజన్ చివర్లో కింది డివిజన్‌కి పడిపోతాయి. పండగ ముందు ఆడిన మ్యాచ్‌లో నిశాంత్‌కి రెండు యెల్లో కార్డులు పడి, మైదానం వదలాల్సొచ్చింది. తల వంచుకుని, షర్టుతో ముఖం తుడుచుకుంటూ వెళ్ళాడు.

తర్వాత అంతర్జాతీయ మ్యాచ్‌ల కోసం లీగ్‌కి కొన్నాళ్ళు విరామం. ఎలాగూ వీడి మీద సస్పెన్షన్ ఉంది కాబట్టి క్లబ్ సెలవిచ్చింది. ఇంటికొస్తున్నానని మెసేజ్ పెట్టాడు, ఎందుకో రాయలేదు.

ఓహేర్ ఎయిర్‌పోర్టుకి చక్రపాణి ఒక్కడే వెళ్ళాడు. గిరిజకి షిఫ్టు. నిశాంత్ ఎడమ కాలు కొంచెం ఈడుస్తూ బయటికొచ్చాడు. చిక్కాడు. గడ్డం పెరిగింది. బ్యాగు తండ్రిని పట్టుకోనివ్వలేదు.

టోల్‌రోడ్డు ఎక్కగానే చక్రపాణి ఆ రెండో యెల్లో కార్డు సంగతి ఎత్తాడు. అది ఫౌలే కాదని, తాను పదిసార్లు చూశానని, రిఫరీ దూరంగా ఉన్నాడని చెప్పుకుంటూ పోయాడు. నిశాంత్ కిటికీలోంచి బయటికి చూస్తూ విన్నాడు. తర్వాత మెల్లగా, మ్యాచ్ గురించి వద్దు నాన్నా అన్నాడు.

చక్రపాణి ఊరుకున్నాడు. ఇంటికి దగ్గర్లో పెట్రోల్ పోయించుకోవడానికి ఆగారు. ట్యాంక్ నిండాక చక్రపాణి వచ్చి కూర్చుని సీట్‌బెల్ట్ లాక్కుంటుంటే నిశాంత్ అన్నాడు.

"నాకు ఇది ఇష్టం లేదు నాన్నా. పోయింది ఇప్పుడు కాదు. విస్కాన్సిన్‌లోనే పోయింది."

"మరి బహ్రెయిన్ ఎందుకు వెళ్ళావు రా?"

"ఆ ఏజెంట్ కాల్ చేసినప్పుడు నువ్వు పక్కనే ఉన్నావు. నీ ఫేస్ చూశాను. నువ్వు అన్ని ఇయర్స్ డ్రైవ్ చేశావు. సాటర్‌డేస్ అన్నీ. నేను స్టాప్ చేస్తే అదంతా వేస్ట్ అవుతుంది అనుకున్నాను. ఐ యామ్ సో టయర్డ్ నాన్నా."

వెనక ఎవరో పంపు కోసం ఆగి ఉన్నారు. చక్రపాణి కారుని పక్కకి తీసి, టైర్లకి గాలి నింపే మెషీన్ దగ్గర ఆపాడు. ఇంజిన్ ఆపేశాడు. చేతులు మాత్రం స్టీరింగ్ మీదే ఉన్నాయి.

"నాకూ అలసటగానే ఉండేది రా" అన్నాడు. "పొద్దున లేచి బయటికి చూసేవాణ్ణి. మైదానం తడిసి మ్యాచ్ క్యాన్సిల్ అయితే బాగుండు అనుకున్న రోజులు బోలెడు. నడుము పట్టేసి దిగలేక, నువ్వు వెళ్ళాక అలాగే సీట్లో కూర్చుండిపోయేవాణ్ణి."

నిశాంత్ తండ్రి వైపు తిరిగాడు. "మరి ఎందుకు వచ్చేవాడివి?"

చక్రపాణి జవాబు కోసం వెతుక్కోవలసిన అవసరం లేకపోయింది. చెప్పడమే కష్టమైంది.

"కార్లో నువ్వు మాట్లాడేవాడివి. ఇంట్లో మాట్లాడేవాడివి కాదు. స్కూల్ సంగతులు, ఫ్రెండ్స్ సంగతులు, అన్నీ చెప్పేవాడివి. నువ్వు ఆట మానేస్తే అది ఉండదని."

ఇద్దరిలో ఎవరూ నవ్వలేదు, ఏడవలేదు. ఇన్నేళ్ళూ ఒకరి కోసం ఒకరు మోసుకుంటూ వచ్చిన బరువు ఎదురుగా ఉంది. దాన్ని దించుకోవడానికి కూడా ఆ క్షణాన ఇద్దరికీ ఓపిక లేదు. కాసేపటికి నిశాంత్, ఆకలేస్తోంది నాన్నా అన్నాడు. చక్రపాణి కారు స్టార్ట్ చేశాడు.

గిరిజ సాయంత్రం వచ్చి పచ్చిపులుసు కలిపి, ముద్దపప్పు చేసింది. వాడు రెండుసార్లు పెట్టించుకుని తిని, మర్నాడు మధ్యాహ్నం దాకా పడుకున్నాడు. కారులో జరిగినదంతా చక్రపాణి ఆమెకి చెప్పాడు. ఆమె ఆశ్చర్యపోలేదు. నాకెప్పుడో తెలుసు అని కూడా అనలేదు. అతని పక్కన వచ్చి కూర్చుంది, అంతే.

వెళ్ళేముందు రోజు ఆమె కొడుకుతో, పోకు బిడ్డా, ఇక్కడే ఉండు అంది. క్లబ్బువాళ్ళకి ఏదో ఒకటి చెబుదామంది. నిశాంత్ ఒప్పుకోలేదు. ఉన్న డిఫెండర్లలో ఇద్దరు దెబ్బలతో ఉన్నారట. వీడు కూడా లేకపోతే జూనియర్ పిల్లలని దింపాలట.

"ఫినిష్ చేసి వస్తానమ్మా. మధ్యలో లీవ్ చేస్తే బాగుండదు" అన్నాడు.

వెళ్ళాడు. మిగిలిన మ్యాచ్‌లు ఆడాడు. విచిత్రంగా, ఆ నెలన్నరలోనే అల్ మర్జాన్ కాస్త కుదురుకుంది. ఒకటి గెలిచి, రెండు డ్రా చేసుకుని, చివరి మ్యాచ్ గెలిస్తే పై డివిజన్‌లో నిలబడే స్థితికి వచ్చింది. ఆదివారం కాల్స్‌లో చక్రపాణి మ్యాచ్‌ల మాట ఎత్తలేదు. అక్కడ ఎండలు ఎలా ఉన్నాయని అడిగాడు. పక్క ఫ్లాట్‌లో ఎవరుంటారని అడిగాడు. నిశాంత్ ఒక్కోసారి జవాబు చెప్పాడు, ఒక్కోసారి నిద్రొస్తోందన్నాడు.

చివరి మ్యాచ్ రోజు గిరిజ సెలవు పెట్టింది. సీజన్ మొత్తంలో ఆమె అంతవరకూ ఒక్క మ్యాచ్ కూడా చూడలేదు. చక్రపాణి ఆఫీస్ లాప్‌టాప్ మూసేశాడు. ఇద్దరూ పక్కపక్కన కూర్చున్నారు. ఎర్ర షర్టులు మనవే కదా అని ఆమె అడిగింది. వీడు వేసుకున్న లాంగ్ స్లీవ్స్ చూసి, ఆ ఎండల అవెందుకు అంది.

మొదటి సగంలోనే అల్ మర్జాన్ గోల్ కొట్టింది. ఆ తర్వాత అందరూ వెనక్కి వచ్చేసి గోల్ ముందు నిలబడ్డారు. బంతి వస్తుంది, వీళ్ళు కొడతారు, మళ్ళీ వస్తుంది. నిశాంత్ కాలు ఈడుస్తున్నట్టు ఇక్కడి నుంచే తెలుస్తోంది. గిరిజ వాచీ వంక, స్క్రీన్ వంక మార్చి మార్చి చూసింది. ఇంకా ఎంతసేపు అని అడుగుతూనే ఉంది. అయిపోవచ్చింది అని చక్రపాణి చెబుతూనే ఉన్నాడు. అంతా అయిపోయిందనుకున్నప్పుడు కార్నర్ నుంచి వచ్చిన బంతి ఎవరి భుజానికో తగిలి లోపలికి దొర్లింది. వీడి తప్పు కాదు. ఎవరి తప్పూ కాదు.

ఒకటి ఒకటి. అల్ మర్జాన్ కింది డివిజన్‌కి పోయింది.

ఎర్ర షర్టుల వాళ్ళందరూ ఎక్కడివాళ్ళక్కడ గడ్డి మీద కూలబడ్డారు. నిశాంత్ కూడా కూర్చుని, మోకాళ్ళ మీద తల పెట్టుకున్నాడు. కొంచెం సేపటికి లేచాడు. పక్కనున్న కుర్రాడికి చెయ్యి అందించి లేపాడు. తర్వాత ఇంకొకర్ని. కెమెరా వేరే వైపు వెళ్ళిపోయింది.

"వచ్చేయమనుండ్రి" అంది గిరిజ, కొంగుకి బదులు స్వెటర్ చేతితో కళ్ళు తుడుచుకుంటూ.

జూన్ మొదటివారంలో వచ్చేశాడు. క్లబ్ ఇంకో ఏడాది ఉండమని అడిగిందట, వద్దన్నాడట. శశికాంత్ ఫోన్ చేసి, వేరే క్లబ్బులేమైనా పిలుస్తున్నాయా అని ఆరా తీశాడు. లేదు, వాడు ఆడడం మానేశాడు అని చక్రపాణి చెప్పాడు. అయ్యో, ఇంత కష్టపడి, అన్నాడు శశికాంత్. అవును, చాలా కష్టపడ్డాడు అని చెప్పి, ఇంకేమీ కలపకుండా ఫోన్ పెట్టేశాడు. గుండె బరువెక్కుతుందేమో అనుకున్నాడు. ఎక్కలేదు. తేలికా పడలేదు.

నిశాంత్ పక్క ఊరు అరోరాలో ఒక ఫిజికల్ థెరపీ క్లినిక్‌లో సహాయకుడిగా చేరాడు. సాయంత్రాలు కమ్యూనిటీ కాలేజీలో క్లాసులు. రెండేళ్ళు ఇవి పూర్తయితే థెరపిస్ట్ అయ్యే అసలు కోర్సుకి అప్లై చేయొచ్చట. ఇరవై ఏడేళ్ళకి మళ్ళీ మొదటి నుంచా అని గిరిజకి లోపల బెంగే. పైకి అనలేదు. ఇంట్లో ముగ్గురూ తక్కువే మాట్లాడుకుంటున్నారు, కానీ ఒకరి గదిలోకి ఒకరు రావడానికి సంకోచించడం లేదు.

ఆగస్టులో ఒక శనివారం గిరిజకి కూడా సెలవు దొరికింది. భోజనాలయ్యాక నిశాంత్ అనాటమీ పుస్తకం తెచ్చుకుని లివింగ్ రూమ్ కార్పెట్ మీద బోర్లా పడుకుని చదవడం మొదలుపెట్టాడు. రెండు పేజీలు తిరగకుండానే నిద్రపోయాడు. గిరిజ వాడి చెయ్యి కింద నలుగుతున్న పుస్తకం మెల్లగా లాగి, బల్ల మీద పెట్టి, ఎదురు కుర్చీలో తనూ కళ్ళు మూసుకుంది. చక్రపాణి సోఫాలో నడుము కింద దిండు పెట్టుకుని వాలాడు. మెలకువ వచ్చేసరికి బయట చీకటి పడుతోంది. మిగతా ఇద్దరూ ఇంకా లేవలేదు. లైటు వెయ్యాలనుకున్నాడు గానీ, లేవాలనిపించలేదు.