నాలుగు నిమిషాల వయోలా

హెన్నింగ్ ముప్పై ఒక్క ఏళ్లుగా టీవీ సీరియళ్లలో శవాలకు సంగీతం కట్టాడు. సరస్సులో తేలినవి, మంచులో దొరికినవి, పడవల షెడ్డులో కుళ్లినవి, దేనికీ లోటు చేయలేదు. స్వీడన్‌లో అతని ముఖం ఎవరికీ తెలియదు. అతని బాణీ వినబడితే మాత్రం జనం లేచి తలుపు గడియ చూసుకుంటారు. ఇన్నేళ్లూ పని దొరకడానికి కారణం ప్రతిభ ఒక్కటే కాదు. బాణీని కొయ్యమంటే కోసేవాడు, ఎవరితోనూ పేచీ పెట్టుకునేవాడు కాదు.

ఈసారి మాత్రం ససేమిరా అనాలని నిశ్చయించుకుని గోథెన్‌బర్గ్‌లోని ఎడిటింగ్ గదికి వచ్చాడు. సీరియల్ చివరి భాగంలో, వయోలిన్ కన్నా కాస్త పెద్దదీ బొంగురుదీ అయిన వయోలా నాలుగు నిమిషాల పాటు ఉంది. వాయించింది అతని భార్య గున్వోర్. వాయించిన ఆరు వారాలకు పోయింది. పోయిన సంగతి తెలిసి ఈ సీరియల్ వాళ్లు పూలు పంపారు. వాయించింది ఆమేనని మాత్రం తెలియదు. చెప్పుకునే అలవాటు అతనికి లేదు, అడిగే అలవాటు వీళ్లకు లేదు.

డైరెక్టర్ మాలిన్ యాలకుల బన్ను తుంచుకుంటూ, "చాలా బాగుంది హెన్నింగ్, నిజంగా. కాకపోతే కొంచెం... ఎక్కువైందేమో కదా?" అంది.

అక్కడ ఎవరూ వద్దని చెప్పరు. చాలా బాగుందంటే సగం పోయినట్టు. ఆసక్తికరంగా ఉందంటే మొత్తం పోయినట్టు.

"నాకైతే ఆసక్తికరంగా ఉంది," అన్నాడు ఎడిటర్ యెస్పర్.

"కొయ్యను," అన్నాడు హెన్నింగ్.

మాలిన్ నమలడం ఆపేసింది. "కొయ్యవా? అంటే... కొయ్యనంటున్నావా?"

"అంటున్నాను. అది వాయించింది గున్వోర్."

యెస్పర్ కళ్లజోడు తీసి తుడుచుకున్నాడు.

"అయ్యో, ముందే చెప్పొద్దూ!" అంది మాలిన్. "ఒక్క సెకను కూడా తియ్యం. కావాలంటే డైలాగులు తీసేద్దాం. అందరికీ సరేనా?"

అందరికీ సరే అయింది. ఆ దేశంలో అందరికీ సరే అయ్యాక దాన్ని కదిలించడం పార్లమెంటు తరం కూడా కాదు.

యెస్పర్ ఆ దృశ్యం వేశాడు. కొడుకు చనిపోయాడని విన్న తల్లి కుర్చీలో కూలబడింది. వయోలా మొదలైంది. పన్నెండు సెకన్లు హెన్నింగ్ ఊపిరి బిగబట్టి విన్నాడు. ఆ తరువాత వయోలా ఆ తల్లిని ఏడవనివ్వలేదు, నాలుగు నిమిషాలూ తనే ఏడ్చింది. అతని ప్రాణం ఉసూరుమంది.

"పన్నెండు సెకన్లు ఉంచి మిగతాది తీసెయ్," అన్నాడు.

"అదేంటి, ఇప్పుడేగా అనుకున్నాం!" అంది మాలిన్.

"ఆ తల్లికి అడ్డమొస్తోంది."

"కానీ గున్వోర్ కదా హెన్నింగ్..."

"గున్వోర్ కాబట్టే. ఇలా వదిలేస్తే నా చెవి మెలిపెట్టేది."

"నా వల్ల కాదు బాబూ," అంటూ యెస్పర్ చేతులు ఒళ్లో పెట్టుకున్నాడు.

హెన్నింగ్ కుర్చీ జరుపుకుని, మౌస్ అందుకుని, పన్నెండో సెకను దగ్గర గీత పెట్టి, మిగతాది తనే తీసేశాడు. మళ్లీ వేసి చూశారు. వయోలా ఆగింది. తెర మీద తల్లి భోరుమంది. దృశ్యం చక్కగా కుదిరింది.

హెన్నింగ్ కూడా ఏడ్చాడు, పైకి వినబడేలా, ఆ ఇద్దరి ఎదుటే, నాలుగు నిమిషాలకు పైగానే. ఎక్కువైందని ఎవరూ అనలేదు.