జతలో రెండోది

మెకానిక్ సంచి సర్దడం టైలరమ్మ వంతు. పెళ్ళయిన నాటి నుంచీ అంతే. ఆయనకే వదిలేస్తే సంచి నిండా స్క్రూడ్రైవర్లు, నూనెడబ్బా, గుడ్డపీలికలు ఉంటాయి, కట్టుకోవడానికి మాత్రం ఏమీ ఉండదు. ఆ పొద్దున కూడా ఆమే మంచం మీద సంచి తెరిచి పెట్టుకుంది. అడుగున ఫ్యాక్టరీలో తొడుక్కునే బరువు బూట్లు, వాటి మీద దుప్పటి, పక్కన చొక్కాలు. చేతులు సర్దుతున్నాయి గానీ మనసు అక్కడ లేదు.

ఆయన పని బట్టల ఫ్యాక్టరీల్లో కుట్టుమిషన్లు బాగుచేయడం. ఊరూరా తిరిగేవాడు. వెళ్ళినవాడు నాలుగు రోజుల్లో వచ్చేసేవాడు. ఈసారి సంగతి వేరు. దూరపు ఫ్యాక్టరీ మేనేజరు ఆయన్ని అక్కడే ఉండిపొమ్మన్నాడు. ఉండటానికి గది కూడా ఇస్తానన్నాడు. ముందు తాను వెళ్ళి కుదురుకుంటాననీ, తర్వాత ఆమెనూ, ఈమధ్యే వాళ్ళ దగ్గరికి వచ్చి ఉంటున్న ఆమె పిన్నినీ పిలిపించుకుంటాననీ మెకానిక్ చెప్పాడు. ఆ ‘తర్వాత’ అన్న మాట దగ్గరే ఆమె గుండెల్లో రాయి పడింది.

ఆమె చిన్నప్పుడు నాన్న కూడా అదే మాట అన్నాడు. పనికోసం వెళ్తున్నాను, తర్వాత పిలిపిస్తానన్నాడు. ఆయన సంచికి ముడి వేసేటప్పుడు తాడు కొస పట్టుకున్నది ఆమే. వెళ్ళొద్దని నోటిదాకా వచ్చింది, బయటికి రాలేదు. ఆయన వెళ్ళాక ఇల్లంతా వెతికితే చొక్కా గుండీ కూడా దొరకలేదు. ఏదైనా మరిచిపోయినవాళ్ళు దానికోసమైనా తిరిగొస్తారని ఆ చిన్న బుర్రకు తోచింది. తల్లి అప్పటికే లేదు. పిన్ని వచ్చి పెంచింది.

అందుకే పెళ్ళయిన కొత్తలో, మెకానిక్ మొదటిసారి ఊరెళ్తుంటే, జత సాక్సుల్లో ఒకటి తీసి బీరువాలో దాచుకుంది. కొత్త పెళ్ళాం కంగారులో మరిచిపోయిందనుకున్నాడాయన. అన్ని రోజులూ ఒక కాలికే సాక్సు తొడుక్కుని, రెండో కాలు బూటు కరిచి కుంటుకుంటూ వచ్చాడు. ఆమె నాన్న సంగతంతా చెప్పింది. ఆయన నవ్వలేదు. అది మొదలు ప్రతి ప్రయాణానికీ గడప దగ్గర ఆగి, “ఈసారి ఏ కాలు?” అని అడిగేవాడు. “ఎడమ. కుడికాలు పోయినసారి కుంటింది కదా,” అని ఆమె వంతు తేల్చేది. ఫ్యాక్టరీల్లో ఆయన్ని ‘ఒంటిసాక్సు’ అని పిలిచేవారు. ఇంకో జత కొనుక్కోవయ్యా అంటే, “జత ఉంది, రెండోది ఇంట్లో ఉంది,” అనేవాడు.

వాళ్ళిద్దరికీ ఒక ఆశ ఉండేది. వీధివైపు గదిలో కిటికీ కింద సొంత కొట్టు పెట్టుకోవాలని. ఒక పక్క ఆమె కుట్టాలి, ఇంకో పక్క ఆయన బాగుచేయాలి. ఫ్యాక్టరీలు పారేసిన మిషన్ల భాగాలు ఏరుకొచ్చేవాడు. ఆయన ఊళ్ళో ఉన్నన్నాళ్ళూ రోజూ పొద్దున్నే, పనుల్లో పడకముందు, ఇద్దరూ కలిసి వాటి ముందు కూర్చునేవారు. ఆమె కిరసనాయిలుతో తుప్పు కడిగేది, ఆయన బిగించేవాడు. బిగించాక ఆమె కళ్ళు మూసుకుని తొక్కి, “బాబిన్ దగ్గర గొణుగుతోంది,” అనేది. మళ్ళీ విప్పేవాడు. ఆయన చేతిని ఆమె శంకించేది కాదు, ఆమె చెవిని ఆయనా శంకించేవాడు కాదు. ఎడమొహం పెడమొహంగా ఉన్న రోజుల్లోనూ ఆ పని మాత్రం ఆగేది కాదు. అలాంటప్పుడు ఆయన మిషన్‌తోనే మాట్లాడేవాడు. “దీనికి కాస్త నూనె పడితే గానీ నోరు తెరవదేమో,” అనేవాడు. ఆమెకు నవ్వు ఆగేది కాదు. తగువు అక్కడితో సరి.

ఆ పొద్దున మొదటిసారి ఇద్దరూ మిషన్ దగ్గర కూర్చోలేదు. ముందురోజు సాయంత్రం మాటామాటా పెరిగింది. ఆ ఉద్యోగంతో కొత్త భాగాలే కొనుక్కోవచ్చు, కొట్టు తొందరగా పెట్టుకోవచ్చని ఆయన అంటే, “మీ ఇష్టం,” అందామె. వద్దనుకుంటే వద్దని నోరు విప్పి చెప్పమన్నాడు.

“వెళ్ళేవాళ్ళని ఆపడం నాకు చేతకాదు,” అంది.

“అంటే నన్నూ మీ నాన్న పక్కనే నిలబెట్టావన్నమాట,” అని ఆయన లేచి వెళ్ళిపోయాడు. పొయ్యి మీద పెట్టిన అన్నం ఎవరూ ముట్టలేదు.

సంచి సగం సర్దేసరికి వీధిలోంచి ఎవరో గౌను చేతులు పొట్టిగా కుట్టావంటూ పిలిచారు. ఆమె కొలతలు చూడటానికి వెళ్ళింది. తిరిగొచ్చేసరికి పిన్ని సంచి మూసేసింది, మెకానిక్ భుజానికి తగిలించుకున్నాడు. గడప దగ్గర ఒక్క క్షణం ఆగాడు. ఏ కాలని అడగలేదు. ఆమే చెప్పవచ్చు, చెప్పలేదు. చెప్పులు టపటపలాడుతూ సందు మలుపు తిరిగాయి.

అప్పుడు వెళ్ళి బీరువా తెరిచింది. పొద్దున్నే తీసి దాచిన సాక్సు లేదు. మంచం కింద వెతికింది, ఉతికిన బట్టల్లో వెతికింది. పిన్ని చూసి చూసి, ఏం పోగొట్టుకున్నావే అని అడిగింది. చెబితే నోరు వెళ్ళబెట్టింది. పాపం, ఆమె వచ్చాక ఆయన ఊరెళ్ళడం ఇదే మొదలు, ఈ ఆనవాయితీ సంగతే తెలియదు. సాక్సు ఒకటి సంచిలోనూ ఒకటి బీరువాలోనూ కనబడితే, పిల్ల పరధ్యానంలో ఉందని జాలిపడి, రెండూ కలిపి ఉండచుట్టి సంచిలో వేసింది.

“రెండు కాళ్ళున్న మనిషికి రెండు సాక్సులు పెట్టడం కూడా తప్పేనటే?” అంది పిన్ని.

ఆమెకు నవ్వు రాలేదు. బస్సు వెళ్ళిపోయి ఉంటుంది. ఫోను వీధి చివర కొట్లో ఉంది గానీ ఫ్యాక్టరీ నంబరు ఆయన జేబులో ఉంది. ఆయన సంచి తెరుస్తాడు. జత చూస్తాడు. ఇంట్లో తనది ఇంకేమీ మిగలకుండా పంపేసిందనుకుంటాడు. ఆ రోజంతా ఆమె కాలు కాలిన పిల్లిలా తిరిగింది. మిషన్ ముందు కూర్చుంటే దారం తెగేది, మళ్ళీ ఎక్కిస్తే మళ్ళీ తెగేది. సాక్సు పోయినందుకు కాదు, నోటిదాకా వచ్చిన మాటను రెండోసారి కూడా మింగేసినందుకు ఆమె ఏడ్చింది.

మర్నాడు పొద్దు వాలే వేళకి గడప మీద నీడ పడింది. మెకానిక్ సంచి దింపకుండానే జేబులోంచి సాక్సుల ఉండ తీసి ఆమె ఒళ్ళో వేశాడు.

“ఏం, నన్ను పూర్తిగా పంపించేశావా?”

“పిన్ని పెట్టింది,” అంది ఆమె.

“నేనే పెట్టాను నాయనా,” అని పిన్ని లోపల్నుంచి అందుకుంది. “ఉరి తీస్తావా?”

ఆయన అక్కడే నేల మీద కూలబడ్డాడు. సంగతంతా మెల్లగా చెప్పాడు. ఇచ్చిన గదిలో సంచిలోంచి బూట్లు తీస్తుంటే జత చేతికి తగిలిందట. రాత్రంతా దాన్ని పట్టుకుని కూర్చున్నాడట. పొద్దున్నే మేనేజరు దగ్గరికి వెళ్ళి, మిషన్ చెడినప్పుడు కబురు పెడితే వస్తాను, ఇక్కడ ఉండలేనన్నాడట. ఎందుకయ్యా అంటే, సాక్సులు రెండూ వచ్చేశాయండీ అన్నాడట. ఆ మేనేజరు పాపం మంచినీళ్ళు తెప్పించి, కాసేపు పడుకోమన్నాడట.

పిన్ని పడీపడీ నవ్వింది. ఆమె మాత్రం ఉండ విప్పి, ఒక సాక్సు ఆయన చేతిలో పెట్టి, రెండోది పిడికిట్లో బిగించింది.

“వెళ్ళకండి,” అంది. “నాకు భయం. కొట్టు ఆలస్యమైతే కానివ్వండి.”

ఆయన అప్పటికి సంచి భుజం మీంచి దింపాడు. “ఆ ముక్క నిన్న అని ఉంటే రెండు బస్సులు తప్పేవి కదే,” అన్నాడు.

మర్నాడు పొద్దున మళ్ళీ మిషన్ ముందు కూర్చున్నారు. కొట్టు ఆలస్యమే అయింది. ఒక మిషన్ బాగుపడితే ఇంకోదానికి భాగం దొరికేది కాదు. దొరికినప్పుడు పిన్నికి జబ్బు చేసేది. అయినా ఆ పొద్దుటి పని ఆగలేదు. కిటికీ కింద నాలుగు మిషన్లు బారుగా నిలబడిన రోజున ఆయన బయటికి వెళ్ళి, వీధిలోంచి తన కొట్టులోకి తానే తొంగిచూసి, “అమ్మా, గుండీలు కుడతారా?” అని అడిగాడు. గుండీలతో పాటు బుద్ధి కూడా కుట్టిపెడతామంది ఆమె.

ఇప్పుడామెకు సూది బెజ్జం కనబడదు, ఆయన దారం ఎక్కించి ఇస్తాడు. ఆయనకు చెవి మందగించింది, మిషన్ ఎక్కడ గొణుగుతోందో ఆమె చేత్తో చూపిస్తుంది. ఒకరికి పోయింది ఇంకొకరి దగ్గర ఉండటం ఎంత అదృష్టమో అని పొద్దున్నే అనుకుంటుంది. భయం పోలేదు. ఆయన క్షవరానికి వీధి చివరికి వెళ్ళినా సరే, సాక్సు ఒకటి బీరువాలోనే ఉంటుంది. గడప దగ్గర ఆయన ఆగుతాడు. “ఏ కాలు?” అని గట్టిగా అడుగుతాడు, తనకు వినబడదు కనుక. ఆమె వేలితో చూపిస్తుంది.

వెళ్ళిన ప్రతిసారీ వచ్చాడు. కుంటుతూ వచ్చాడు, తడిసి వచ్చాడు, ఒకసారి జ్వరంతో వచ్చాడు. ఆ రాకలన్నిటికీ ఎవరికి దణ్ణం పెట్టాలో తెలియక ఆమె ఆ సాక్సునే ఒకసారి కళ్ళకద్దుకుని మళ్ళీ మడిచి పెడుతుంది.

తిరిగి రానిది నాన్న ఒక్కడే. ఆమెకు ఏడేళ్ళప్పుడు, వానలు మొదలవుతున్న రోజుల్లో, ఒక బుధవారం పొద్దున వెళ్ళాడు. మళ్ళీ రాలేదు.