నడిమి రాయి మీద

టమాటాల తలలు కోసి లోపలి గుజ్జు చెంచాతో తోడుతుంటే, మా అత్తగారు పనయోతా వెనకనుంచి తొంగి చూసింది.

"బియ్యం తగ్గించావేంటే? వచ్చేవాళ్ళు తిండి కోసం వస్తారు, నీ రాళ్ళ కోసం కాదు."

ఇంకో గుప్పెడు బియ్యం కడిగి పోశాను. ఉల్లి, పుదీనా, ఆలివ్ నూనె కలిపి కూరి, తలలు మళ్ళీ టోపీల్లా పెట్టి, మధ్య సందుల్లో బంగాళాదుంప ముక్కలు దూర్చాను. మేం బయల్దేరే లోపు ఆ పళ్ళెం ఓవెన్లోకి వెళ్ళాలి. మధ్యాహ్నానికి టూరిస్టులు మా లిగురియో ఇంటికొచ్చి, ద్రాక్షపందిరి కింద కూర్చుని తింటారు. మా వ్యాపారం అదే. కారు మా ఆయన సరాండోస్‌ది, నడిపేదీ అతనే. శిథిలాల దగ్గర వివరించేది నేను. "అచ్చమైన గ్రీకు ఇంటి భోజనం" అని ప్రకటనలో ఉంటుంది. ఎవరు వండుతారో ఉండదు. ఇల్లే వండుకుని గిన్నెలు కడుక్కుంటుంది కాబోలు.

వాళ్ళు తమ దేశం వెళ్ళాక నెట్‌లో రాస్తారు. సరాండోస్ ఎంత సరదా మనిషి! సరాండోస్ వాళ్ళమ్మ చేతి వంట అమృతం! ఒకావిడ నా గురించి కూడా రాసింది, "గైడు కూడా మర్యాదస్తురాలే" అని. సరాండోస్ దాన్ని గట్టిగా చదివి వినిపించి, "చూశావా, నీకూ వచ్చింది మెప్పు" అన్నాడు.

శిథిలాల కంచె లోపల నోరు విప్పి వివరించాలంటే లైసెన్సున్న గైడై ఉండాలి, కార్డు మెడలో అందరికీ కనపడాలి. డ్రైవరు టికెట్టు కొనుక్కుని లోపలికి రావచ్చు, చెట్టు కింద కూర్చోవచ్చు. చెప్పకూడదు. సరాండోస్‌కి ఆ గేటు పడదు. ఇంట్లో యజమాని, కారులో యజమాని, ఆ గేటు దగ్గరికొచ్చేసరికి ఉత్త డ్రైవరు. పోయిన వేసవిలో ఒకసారి ఉండబట్టలేక, నా కార్డు చేత్తో పట్టుకుని లోపల ఉపన్యాసం మొదలుపెట్టాడు. తనిఖీ ఆవిడ వచ్చి పడింది. ఎలాగో బతిమాలుకున్నాం. ఆవిడ నా వైపే చూసి చెప్పింది, "ఇంకోసారి ఈ కార్డు వేరేవాళ్ళ దగ్గర కనబడితే లైసెన్సు మీదే పోతుందమ్మా. మళ్ళీ రాదు" అని.

అందుకే ఆ పొద్దున సరాండోస్ గడ్డానికి నురగతో వంటింటి గుమ్మంలో నిలబడి, "ఇవాళ నువ్వు రాకు, భోజనం సంగతి చూడు. లోపల నేను చెప్పుకుంటా" అన్నప్పుడు చెంచా నా చేతిలో ఆగిపోయింది.

"కుదరదు. కిందటేడు ఆవిడేమందో మర్చిపోయావా?"

"ఆవిడ రోజూ అక్కడే కాపురం ఉంటుందా? అమ్మకి మోకాళ్ళు పట్టేశాయి. వడ్డించేవాళ్ళు లేరు. అయినా ఏముందే అక్కడ చెప్పడానికి? పాతవాళ్ళు కట్టారు, కూలిపోయింది. విని విని నాకే నిద్రలో వస్తోంది."

"నిద్రలో చెప్పుకో. లోపల చెప్తే నా లైసెన్సు పోతుంది."

"నా నా నా," అన్నాడు సరాండోస్. "ఈ ఇంట్లో నీదేంటే?"

మా అత్తగారు నవ్వింది. "ఆడపిల్లలు ఇక ఆగాలని పెట్టిన పేరు. పుట్టడం ఆగింది గానీ నోరు ఆగలేదు."

నిజమే. మా ఇంట్లో నేను నాలుగో ఆడపిల్లని. ఇక ఆపమని దేవుడికి అర్థమయ్యేలా 'ఆగు' అనే అర్థంతో స్తమాతా అని పేరు పెట్టారు. దేవుడు ఆపాడు. మా నాన్న మాత్రం నా మొహం చూసినప్పుడల్లా ఆ సంగతి గుర్తు చేసుకునేవాడు. సరాండోస్ అడిగిన మాటకి జవాబు నాకు తెలుసు. ఈ ఇంట్లో నాది ఆ కార్డు. ఏథెన్సులో హోటలు గదుల్లో పక్కదుప్పట్లు మారుస్తూ చదివి సంపాదించుకున్న కార్డు. దాని మీద ఉన్నది పుట్టింటి పేరు. సరాండోస్‌ని చూడకముందు తీసిన ఫోటో.

నేను స్నానానికి వెళ్ళాను. నేనూ వస్తాను, అంతే, అని చెప్పి వెళ్ళాను. అతను వాదించలేదు. అప్పుడైనా అనుమానం రావాల్సింది.

ఆ రోజు టూరు హాలిఫాక్స్ నుంచి వచ్చిన ఇద్దరు అక్కచెల్లెళ్ళది. పెద్దావిడ వినిఫ్రెడ్, చిన్నావిడ ఆగ్నెస్. ఇద్దరికీ జుట్టు నెరిసిపోయింది, ఇద్దరివీ ఒకే రకం టోపీలు. దారి పొడుగునా సరాండోస్ మాట్లాడుతూనే ఉన్నాడు. రోగులు ఇక్కడికి ఎక్కడెక్కడి నుంచి నడిచొచ్చేవారో, గుడిలో నిద్రపోతే కలలో వైద్యం ఎలా జరిగేదో, అన్నీ నా మాటలే. నేను ఎక్కడ ఆగుతానో అక్కడే ఆగుతున్నాడు. నేను ఎక్కడ నవ్వుతానో అక్కడే నవ్వుతున్నాడు. వెనక సీట్లో ఆగ్నెస్, "మీకెంత తెలుసండీ!" అంటోంది. అతను అద్దంలోంచి నన్ను చూశాడు.

ఎపిదావ్రోస్ శిథిలాల గేటు బయట కారు ఆపగానే నా ఫోను మోగింది. అత్తగారు. ఓవెన్ ఆరిపోయిందిట, ఏ మీట తిప్పాలిట. "అది కాదత్తయ్యా, ఎడమది, ఎడమది" అంటుంటే సరాండోస్ కారు దిగి, "నువ్వు మాట్లాడుకుని రా, టికెట్ల దగ్గర ఉంటాం" అని వాళ్ళిద్దరినీ తీసుకుని నడిచాడు. ఆ ఫోను నిజమైనదో, తల్లీ కొడుకూ ముందే అనుకున్నదో ఇవాళ్టికీ నాకు తెలియదు.

ఫోను సంచిలో పెడుతూ కార్డు కోసం వెతికాను. లేదు. సంచి మొత్తం సీటు మీద కుమ్మరించాను. లేదు.

టికెట్ల దగ్గర కూర్చునే ఎవ్‌దొక్సియా నన్ను చూడగానే కిటికీలోంచి తల బయటపెట్టింది.

"మీ ఆయన లోపలికి పోయాడే. మెడలో కార్డు కూడా ఉంది. ఎప్పుడు పాసయ్యాడేంటి పరీక్ష?"

"తనిఖీవాళ్ళు వచ్చారా?"

ఆవిడ నవ్వు ఆగిపోయింది. "పొద్దున్నే వచ్చింది. కిందటేడు వచ్చినావిడే. నువ్వు పరిగెత్తు."

పరిగెత్తాను. పైన్ చెట్ల మధ్య దారి ఎక్కుడుగా ఉంటుంది. చెమటకి చొక్కా వీపుకి అంటుకుపోయింది. పరిగెడుతూ నేను అనుకున్నది ఒకటే. ఈపాటికి దొరికిపోయి ఉంటే ఎవరి మెడకి చుట్టుకుంటుంది? కార్డు నాది. పేరు నాది. మాట అతనిది.

పాతకాలపు నాటకాల థియేటరు ఎదురుగా తెరుచుకుంది. అర్ధచంద్రం లాగా రాతి మెట్లు, కింద గుండ్రటి నేల, దాని నట్టనడుమ ఒక రాయి. ఆ రాయి మీద నిలబడి నాణెం పడేస్తే పై వరుసదాకా వినిపిస్తుంది. టూరిస్టుల్ని పైకి ఎక్కించి, కింద నాణెం పడేసి, కాగితం చించి చూపించడం గైడులందరి అలవాటు. సరాండోస్ అదే చేస్తున్నాడు. అక్కచెల్లెళ్ళిద్దరూ పై వరుసలో ఉన్నారు. మధ్య వరుసల్లో లారిసా ఊరి నుంచి బస్సులో వచ్చిన ముసలమ్మలు, చేతుల్లో విసనకర్రలతో.

తనిఖీ ఆవిడ ఉరానియా అప్పటికే కిందికొచ్చి అతని ముందు నిలబడింది. అతని మెడలో కార్డు బోర్లా వేలాడుతోంది. ఆవిడ రెండు వేళ్ళతో దాన్ని తిప్పింది. పొడుగు జడతో నా పాతికేళ్ళ మొహం.

"ఇది మీరేనా?"

ముసలమ్మలు గొల్లున నవ్వారు.

"మా ఆవిడదండీ," అన్నాడు సరాండోస్, నవ్వడానికి చూస్తూ. "తనే ఇచ్చింది. ఒంట్లో బాగాలేదంటే... అదిగో వచ్చింది, అడగండి."

ఉరానియా నన్ను గుర్తుపట్టింది. మొహంలో కోపం లేదు, విసుగు ఉంది. "ఆలోచించుకుని చెప్పండమ్మా. మీరిచ్చారంటే మీ లైసెన్సు. ఇవ్వలేదంటే ఈయన్ని పోలీసులు తీసుకెళ్తారు. ముందు ఆ టూరిస్టులతో మాట్లాడొస్తాను." అతని మెడలోంచి కార్డు తీసి పట్టుకుని మెట్లు ఎక్కడం మొదలుపెట్టింది.

నేను వెళ్ళి అతని దగ్గర నిలబడ్డాను. ఆవిడ సగం మెట్లు ఎక్కేదాకా సరాండోస్ ఆగాడు. తర్వాత పళ్ళు బిగించి, గొంతు తగ్గించి మొదలుపెట్టాడు.

"నీ చేత్తో నువ్వే ఇచ్చానని చెప్పు. వింటున్నావా? లైసెన్సు పోతే నీకేంటి, ఇంట్లో ఉంటావు. ఎలాగూ అమ్మకి చేసేవాళ్ళు కావాలి. నన్ను స్టేషన్లో కూర్చోబెడితే ఊళ్ళో తలెత్తుకోగలనా? మొగుణ్ణి పోలీసులకి పట్టిచ్చిన ఆడది అంటారు నిన్ను. ఒక ప్లాస్టిక్ ముక్క కోసం! సంచిలోంచి తీశానే అనుకో, నీ సంచి నాది కాదా? తేడాగా మాట్లాడావో, రాత్రికి నీ పెట్టె వీధిలో ఉంటుంది. అర్థమైందా?"

విసనకర్రలు ఆగిపోయాయి.

ఆ నిశ్శబ్దం నాకు ముందు అర్థం కాలేదు. తలెత్తి చూశాను. ఒక్క ముసలమ్మ కూడా పక్కదానితో మాట్లాడటం లేదు. అందరి కళ్ళూ మా మీదే. మెట్ల మీద ఉరానియా, ఎక్కుతున్న కాలు అలాగే పెట్టి, మావైపు తిరిగి ఉంది. మధ్య వరుసలోంచి నల్లబట్టలావిడ ఒకామె లేచి నిలబడింది.

"ఇంకాస్త గట్టిగా అనక్కర్లేదు నాయనా. చక్కగా వినబడుతోంది."

"పెట్టె వీధిలో పెడతాట్ట," అని ఇంకొకామె అందించింది, చెవుడున్న పక్కామెకి.

సరాండోస్ కిందికి చూసుకున్నాడు. అతని బూట్లు నడిమి రాయి మీద ఉన్నాయి. ఇన్నేళ్ళ నా మాటలు కారులో ఒప్పజెప్పిన మనిషి, కోపంలో ఈ ఒక్కటీ మర్చిపోయాడు. ఉలిక్కిపడి పక్కకి దిగి, నా మోచెయ్యి పట్టుకుని లాగాడు.

"రా ఇటు. చెట్ల కిందికెళ్ళి మాట్లాడుకుందాం."

వెళ్ళొచ్చు. ఎప్పుడూ అలాగే వెళ్ళాను. మా మాటలన్నీ చెట్ల కిందే, తలుపు వెనకే, పడగ్గదిలో గుసగుసగానే జరిగాయి. బయటికొచ్చేసరికి అతను ఏది ఖాయం చేస్తే అది నా మాట. ఒంట్లో బాగాలేక ఇచ్చానంటే సరిపోతుంది. రేపట్నుంచి పొద్దున్నే టమాటాలు కూరుకుంటూ, బియ్యం ఎక్కువైందనో తక్కువైందనో వింటూ ఉండొచ్చు. ఎవరూ నన్ను కొట్టరు. ఎవరూ తిండి పెట్టడం మానరు. వచ్చినవాళ్ళు నన్ను చూసి పనిమనిషి అనుకుంటారు, కాదని మా అత్తగారు చెప్పదు. ఇవ్వలేదంటే మాత్రం ఊరంతా నాదే తప్పంటుంది. మా అమ్మ కూడా అంటుంది. రాత్రి ఎక్కడ పడుకోవాలో నాకు తెలియదు. ఈ రాయి మీద నిలబడి ఎన్ని నాణేలు పడేశాను, ఎన్ని కాగితాలు చించాను! చూడండి, ఇక్కడ ఏ చిన్న చప్పుడైనా అందరికీ వినబడుతుందని ఎన్ని దేశాలవాళ్ళకి చెప్పాను! ఒక్కసారి కూడా ఇక్కణ్ణుంచి నా సొంత మాట ఒకటి అనలేదు.

మోచెయ్యి విడిపించుకున్నాను. రాయి ఖాళీగా ఉంది. ఎక్కి నిలబడ్డాను.

"నేను కిందికొస్తున్నానమ్మా, అప్పుడు చెప్పండి," అంది ఉరానియా.

"అక్కర్లేదండీ, అక్కడే ఉండండి," అన్నాను. గొంతు వణుకుతోంది. వణుకు కూడా పై వరుసదాకా వెళ్ళే ఉంటుంది. "నేను ఇవ్వలేదు. నన్ను అడగలేదు. నా సంచిలోంచి తీసుకున్నాడు. ఆ కార్డు నాది, నాకు ఇచ్చెయ్యండి."

"స్తమాతా!" అన్నాడు సరాండోస్. ఈసారి గట్టిగానే.

నేను అతని వైపు తిరగలేదు. పై వరుసలో అక్కచెల్లెళ్ళిద్దరికీ మా భాష రాదు. ఏదో జరిగిందని మాత్రం తెలిసి, టోపీలు తీసి ఒళ్ళో పెట్టుకుని కూర్చున్నారు. ఉరానియా కార్డు పట్టుకుని మెట్లు దిగుతోంది. ఆవిడ నా దగ్గరికి వచ్చేలోపు వాళ్ళకి వాళ్ళ భాషలో చెప్పాను.

"క్షమించాలి. ఇంతవరకు మీకు చెప్పినాయన గైడు కాదు. గైడుని నేను. మొదటినుంచి చెప్తాను, వినండి."