మిచికో గారి క్షమాపణ

పొద్దున ఆరున్నరకి కోటేశ్వరి కాఫీ కలిపి, టీవీ మీద కప్పిన పాత చీర తీస్తుంది. లోపల మిచికో గారు నడుము దాకా వంగి పలకరిస్తుంది. సింగపూర్ యీషున్‌లోని ఆ ఫ్లాట్‌లో రోజూ ఇంతే.

జపాన్‌లో టీవీ కొత్తగా వచ్చిన రోజుల్లో మిచికో గారు అనౌన్సరు. అప్పట్లో అన్నీ లైవే. ప్రసారం మధ్యలో ఆగితే, ఆవిడ వచ్చి క్షమించండి, కాసేపు ఆగండి అని చెప్పాలి. ఒకసారి నలభై నిమిషాలు చిరునవ్వు చెదరకుండా నిలబడిందట. పాత సామాన్ల అంకుల్ దగ్గర ఆ టీవీ కొన్నప్పటి నుంచీ ఇక్కడే ఉంటోంది. రెండేళ్లలో తెలుగు పట్టుబడింది. పక్కింటి అరుణమ్మ ఏ చీర కొన్నా ఆవిడకే ముందు చూపిస్తుంది. ఆవిడకి అంతా నలుపూ తెలుపే కనక రంగు మాత్రం నోటితో చెప్పాలి.

కోటేశ్వరి భర్త ఉపేంద్ర ప్రోగ్రాములు రాస్తాడు. మంచివాడే, ఒకటే జబ్బు. ఏ పని అడిగినా "అయిపోయినట్టే" అంటాడు. రెండువేల సంవత్సరం వస్తే కంప్యూటర్లు ఆగిపోతాయని లోకమంతా హడలిపోతున్న ఆ ఆగస్టులో, జపాన్ క్లయింటుకీ అదే మాట ఆరుసార్లు చెప్పాడు.

"సగం కూడా కాలేదు. శుక్రవారం ఆయనే వస్తున్నాడు. ప్రాజెక్టు పోతే ఇక్కడ ఉండనిచ్చే నా వర్క్ పాసూ పోతుంది, పెట్టెలు సర్దుకోవడమే," అన్నాడు బిక్కమొహంతో.

"నన్ను తీసుకెళ్లండి. ఆగిపోయిన పనికి మాట చెప్పడమే కదా నా ఉద్యోగం," అంది మిచికో గారు.

శుక్రవారం ఉపేంద్ర టీవీని ట్రాలీకి కట్టుకుని తంజోంగ్ పగార్‌లో ఉన్న ఆఫీసుకి రైలెక్కాడు. ఒక చైనా ఆంటీ లేచి టీవీకి సీటిచ్చింది.

అనుకున్నట్టే ప్రోగ్రాం మూడో నిమిషంలో చచ్చిపోయింది. క్లయింటు ఒకాబె గారు గడియారం చూసుకున్నాడు. అప్పుడు మూలనున్న టీవీలో మిచికో గారు వంగి, జపనీసులో క్షమాపణ చెప్పి, దయచేసి కాసేపు ఆగమంది.

ఒకాబె గారు కుర్చీలోంచి లేచి నిలబడ్డాడు. తొమ్మిదేళ్లప్పుడు వానలో, వీధి టీవీ ముందు, నాన్న భుజాల మీద కూర్చుని ఈవిడ ఆగమంటే ఆగానన్నాడు. కళ్లు తుడుచుకున్నాడు.

"ఇప్పుడు ఎన్నాళ్లు ఆగాలి?" అని ఉపేంద్రని అడిగాడు.

అలవాటు మాట నాలుక చివరిదాకా వచ్చింది. మిచికో గారు ఇంకా వంగే ఉంది. ఆవిడని చూసి ఉపేంద్రకి సిగ్గేసింది.

"రెండు నెలలు సార్. సగమే అయింది."

ఒకాబె గారు మూడు నెలలిచ్చాడు.

సాయంత్రం సంగతంతా విని కోటేశ్వరి దేవుడికి దణ్ణం పెట్టుకుంది. తర్వాత వంటింట్లోంచి, పొద్దున చెప్పిన బియ్యం తెచ్చారా అని అడిగింది.

"తెచ్చినట్..." అంటూ ఉపేంద్ర టీవీ వైపు చూశాడు. మిచికో గారు చిరునవ్వుతో అతన్నే చూస్తోంది.

అతను వంటింటి గుమ్మం దాకా వెళ్లి, నడుము దాకా వంగి, "క్షమించు, మర్చిపోయాను. కాసేపు ఆగు," అని సంచీ తీసుకున్నాడు.