ప్రణతి వీపు మీది మచ్చ

ముఖం కనపడదన్న మాట మీదే ప్రణతి ఒప్పుకుంది.

వందేళ్ల నాటి బెంగాలీ నవలను వెబ్ సిరీస్‌గా తీస్తున్నారు. నవలలో నాయిక ఒక వితంతువు, ఆఖరి పేజీ దాకా గది తలుపు తీయదు. సిరీస్‌లో మొదటి ఎపిసోడ్‌లోనే తీస్తుంది. ఆ సీనులో వీపు చూపించడానికి హీరోయిన్ ఒప్పుకోలేదు. ఆమె బదులు కెమెరాకి వీపు తిప్పి కూర్చోవడానికి ఒక అమ్మాయి కావాలన్నారు. నేను అక్కడ మేకప్ అసిస్టెంటుని. హౌరా దగ్గర సంత్రాగాఛి రైల్వే క్వార్టర్స్‌లో మా పక్కింటి ప్రణతి పేరు చెప్పింది నేనే. కాల్ సెంటర్ ఉద్యోగం పోయి అప్పటికి దానికి నాలుగు నెలలు.

"మరి నా మచ్చో?" అంది.

దానికి ఏడేళ్లప్పుడు వాళ్లమ్మ దుర్గాంబ పిన్ని గంజి వారుస్తుంటే చెయ్యి జారింది. భుజం కింద నుంచి నడుము దాకా చర్మం ముడుచుకుపోయింది. ఆ కేకలకి మా లైను లైనంతా పరిగెత్తుకొచ్చింది. ఆ మచ్చ తెలియని ఇల్లు మా క్వార్టర్స్‌లో లేదు.

"పోయిన దుర్గా పూజలకి నేను కప్పలేదేటే? వీపంతా తెరిచిన జాకెట్టు ఏసుకుని మండపాలన్నీ తిరిగావు. ఎవరైనా కనిపెట్టారా?"

"మా యమ్మకి తెలిస్తే సంపేస్తాది."

"ఏటి తెలుస్తాది? నేనున్నాను గదా."

షూటింగు ఉత్తర కోల్‌కతాలో ఒక పాత ఇంట్లో. పొర మీద పొర వేసి మచ్చ కప్పడానికి గంటన్నర పట్టింది. ప్రణతి చీర భుజాల నుంచి దించి కిటికీ వైపు తిరిగి కూర్చుంది. మొదటి షాట్ అయ్యేసరికి లైట్ల వేడికి మేకప్ ఒకచోట పగిలింది. డైరెక్టర్ శుభంకర్ దా మానిటర్ ముందు నుంచి లేచొచ్చి ఆ పగులులోకి చూశాడు. నన్ను గది బయటికి పిలిచాడు.

"లోపల ఏముంది?"

"చిన్నప్పటి కాలిన మచ్చ, దాదా."

"తుడిచెయ్."

"ఆ అమ్మాయి ఒప్పుకోదు."

"వీపుకి ఒప్పుకుంది. ఇదీ వీపే. నవల చదివినవాళ్లంతా పాపం మొగుడు పోయాడని ఏడ్చారు. ఆ మొగుడు ఎలాంటివాడో ఒక్కరూ అడగలేదు. ఇది చూస్తే అడుగుతారు." తర్వాత గొంతు తగ్గించాడు. "నువ్వు తుడవకపోతే ఇంకొకరు తుడుస్తారు. రేపటి నుంచి వాళ్లే వస్తారు."

తడి స్పాంజి తీసుకుని ప్రణతి వెనక కూర్చున్నాను. దాని ఎదురుగా అద్దం లేదు.

"ఏటే, మళ్లీ పూస్తన్నావా?"

"ఆఁ."

"సల్లగా ఉంది."

"కదలకు."

మచ్చ కొంచెం కొంచెంగా బయటికి వచ్చింది. మిగిలిన మూడు షాట్లూ అలాగే తీశారు. అయ్యాక చీర కప్పింది కూడా నేనే. హౌరా నుంచి లోకల్ ట్రైన్లో చెప్పడానికి అరగంట దొరికింది. ప్రణతి వేరుశెనగ కాయలు ఒలిచి సగం గింజలు నా చేతిలో పోసింది. తిన్నాను.

సిరీస్ చలికాలంలో వచ్చింది. రెండు రోజుల్లో మా స్టేషన్ బయట పోస్టరు పడింది. ముఖం లేదు. వీపే. మీద బెంగాలీలో 'ఎవరు కాల్చారు?' అని ఉంది.

ప్రణతి నా ఫోను తీయలేదు. గుమ్మం దాటి బయటికి కూడా రాలేదు. నాలుగో రోజు మధ్యాహ్నం దుర్గాంబ పిన్ని మా ఇంటికి వచ్చింది. కూర్చోమంటే కూర్చోలేదు.

"ఆ కతలో మొగుడు కావాలనే మరిగే నీళ్లు పోసినాడంట గదా. కుళాయి కాడ అడుగుతన్నారు, నువ్వూ అలాగే పోసినావేటి దుర్గాంబా అని. నవ్వులాటకేలే."

నేను కుర్చీ ఆమె వైపు జరిపాను.

"నా సెయ్యి జారింది. నువ్వూ అక్కడే ఉన్నావు గదా ఆ రోజు." కొంగుతో ముక్కు తుడుచుకుంది. "పూజలకి ఎంత బాగా కప్పినావే. నా కళ్లకే అవుపడనేదు. సూసి సూసి ఏడ్సినాను. ఆ రంగు అయిపోయిందేటి, సూటింగులో?"

రంగు డబ్బా నా సంచిలో ఉంది. సగానికి పైగా ఉంది.

"అయిపోయింది పిన్నీ," అన్నాను.

ఆమె తల ఊపింది.

"నానూ అదే సెప్పినాను దానికి. నమ్మటం నేదు."