నీకోసం ఎవరొస్తరు

భవాని ఆవాలు, మెంతులు మిక్సీ పట్టి జల్లించింది. అల్లంవెల్లుల్లి ముద్ద నూరింది. నూనె కాచి చల్లార్చింది. ఇక ప్రిసిల్లా కొట్టించి తెస్తానన్న మామిడి ముక్కలే రావాలి. సీతాఫల్‌మండిలో ఉన్నన్నాళ్లూ పక్క పోర్షన్‌లో ఉండే ఆమె, తను ఏటా కలిసే తొక్కు పెట్టేవాళ్లు. కాయలు ఆమె కొట్టించేది, కారం ఈమె కలిపేది. అల్వాల్ అపార్ట్‌మెంట్‌కి మారాక ఇదే మొదటి ఎండాకాలం. ఈ ఏడో అంతస్తులో ఎవరి తలుపు వాళ్లదే. భర్త ఓంప్రకాశ్ పగలంతా ఇంట్లోనే ఉంటాడు, బెడ్‌రూమ్ తలుపేసుకుని, హెడ్‌ఫోన్స్ పెట్టుకుని. ఆ తలుపు తెరుచుకుందంటే చాయ్ కావాలని అర్థం.

మధ్యాహ్నం దాటినా ప్రిసిల్లా రాలేదు. భవాని ఫోన్ చేసింది.

"బస్‌ల ఉన్నక్కా, వాపస్ పోతున్న. గేటు కాడ వాచ్‌మెన్ ఫోన్ల నా పేరు కొట్టిండు. సార్ వద్దన్నడంట."

"నాకు ఫోన్ జేస్తే అయిపోవు గదనే."

"సార్ వద్దన్నంక ఏం జేస్తనక్కా."

భవాని బెడ్‌రూమ్ తలుపు తట్టకుండానే తీసింది.

"ప్రిసిల్లను ఎందుకు వద్దన్నరు?"

అతను హెడ్‌ఫోన్స్ ఒక చెవి మీంచి జరిపాడు. "మీటింగ్‌ల ఉన్ననే. డెలివరీ గిట్ల అనుకుని వద్దని కొట్టేసిన. ఎవరామె?"

పన్నెండేళ్లు ఒకే గోడకు అటూ ఇటూ ఉన్నారు. అతని తల్లికి తుంటి విరిగితే, అతనికి సెలవు దొరకలేదంటే, ఆసుపత్రిలో భవానికి తోడు కూర్చున్నది ఆమె. ఆమె పంపిన కూర వేళ్లు నాకుతూ తిన్న మనిషి ఇతను. పేరుతో అవసరం పడలేదు. 'పక్క పోర్షనామె'తోనే గడిచిపోయింది.

ఈ ఇంట్లో దిగిన రోజే భవాని అడిగింది, ఎవరొచ్చినా పంపమంటారా అని అడిగే గేటు యాప్‌లో తన నంబరు కూడా వేయించమని. "నీకోసం ఎవరొస్తరు?" అని నవ్వాడు. సిగ్గులేకుండా తనూ నవ్వింది.

కొట్టిన ముక్కలు రేపటిదాకా ఆగవు. భవాని పిండి, కారం, ఉప్పు, ముద్ద డబ్బాల్లో సర్దింది. నూనె క్యాన్‌లో పోసి మూత బిగించింది. చెప్పులేసుకుంది.

అలికిడికి ఓంప్రకాశ్ బయటికొచ్చాడు. "ఎటు? చాయ్ టైమైతుంది."

"పాలు ఫ్రిజ్‌ల ఉన్నయ్."

"మల్ల ఎప్పుడొస్తవ్?"

"వస్తే గేటు కాడ నా పేరు చెప్త. మీ ఫోన్‌కే వస్తది. అప్పుడు సుత మీటింగ్‌ల ఉంటే, కొట్టెయ్యుండ్రి."